ఎవరి బేగం? ఎవరి తల్లి?

తెలుగు సినిమా చరిత్ర రాసే ప్రతివాళ్లూ 'ఆలం ఆరా' దగ్గర ఒకసారి ఆగుతారు. 1931 మార్చి 14న బొంబాయి మెజెస్టిక్ హాల్లో విడుదలైన మొదటి భారతీయ టాకీ అది. తీసింది అర్దేషిర్ ఇరానీ. అందులో మన ఎల్.వి. ప్రసాద్ చిన్న వేషం వేశారు. ఇరానీ దగ్గర పనిచేసిన మన హెచ్.ఎం. రెడ్డి అదే ఏడు 'కాళిదాస్', 1932లో 'భక్త ప్రహ్లాద' తీశారు. అలా తెలుగు మాట తెర మీదికి వచ్చింది. ఈ సంగతులన్నీ చెప్తారు. ఆలం ఆరాగా నటించిన జుబేదా పేరు కూడా చెప్తారు. ఈ జుబేదా ఎవరి బిడ్డ అని మాత్రం అడగరు.

నిజం చెప్పాలంటే మేమూ అడగలేదు. మా ఇళ్లలో సినిమా గురించి ఎప్పుడూ రెండు మాటలు నడిచేవి. మౌల్వీ సాబ్ హరామ్ అనేవారు. అమ్మీలు, నానీలు బురఖాలు వేసుకుని మ్యాట్నీకి వెళ్లి పరదా కట్టిన ఆడవాళ్ల వైపు కూర్చునేవాళ్లు. తెర మీద కనిపించే ఆడమనిషి మా ఇంటి ఆడమనిషి కావచ్చని, తెర వెనక నిలబడి ఆ బొమ్మను తీసింది కూడా మా ఇంటి ఆడమనిషే కావచ్చని మాకు ఎవరూ చెప్పలేదు. చాలా ఆలస్యంగా తెలుసుకున్నాం. తెలిశాక సంతోషం ఒక పాలు, సిగ్గు మూడు పాళ్లు అయింది.

జుబేదా తల్లి పేరు ఫాత్మా బేగం. ఆలం ఆరాకు ఐదేళ్ల ముందే, 1926లో, ఆమె సొంతంగా 'ఫాత్మా ఫిలింస్' అనే కంపెనీ పెట్టింది. అదే ఏడు 'బుల్‌బులె పరిస్తాన్' అనే మూకీ చిత్రానికి దర్శకత్వం వహించింది. భారతదేశంలో సినిమాకు దర్శకత్వం వహించిన మొదటి స్త్రీ ఆమె.

ఈ సంగతి బరువు తెలియాలంటే ఆ కాలం తెలియాలి. 1913లో ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర' తీసినప్పుడు తారామతి వేషానికి ఒక్క ఆడమనిషి దొరకలేదు. చివరికి సాలుంకే అనే మగవాడికి చీర కట్టారు. అదే ఏడు 'మోహినీ భస్మాసుర్'లో దుర్గాబాయి కామత్, ఆమె కూతురు కమలాబాయి నటించారు. ఆ తర్వాత కూడా పరువుగల కుటుంబాలు అని పిలిపించుకున్నవాళ్లు ఆడపిల్లల్ని స్టూడియో గడప దాకా రానివ్వలేదు. వచ్చినవాళ్లు ఎవరు? రంగస్థలం మీద పాడి ఆడి పొట్ట పోసుకున్నవాళ్లు, ఆంగ్లో-ఇండియన్లు, యూదులు, ముస్లింలు. సమాజం అంచుల్లో నిలబెట్టిన ఆడవాళ్లు వచ్చి ఈ దేశపు సినిమాకు ముఖం ఇచ్చారు.

ఫాత్మా 1892లో పుట్టింది. ఉర్దూ నాటకాల నుంచి వచ్చింది. 1922లో 'వీర్ అభిమన్యు'తో సినిమాలో అడుగుపెట్టింది. ఒక ముస్లిం స్త్రీ భారత కథతో తెర మీదికి వచ్చింది. అప్పుడు ఆమెకు ముప్పై ఏళ్లు, ముగ్గురు ఆడపిల్లల తల్లి. సుల్తానా, జుబేదా, షెహజాదీ ముగ్గురూ తల్లి వెంట తెర మీదికి వచ్చారు. 1924లో కోహినూర్ కంపెనీ తీసిన 'గులె బకావళి'లో తల్లీ కూతుళ్లు కలిసి నటించారు. రెండేళ్లకే ఆమె కంపెనీ యజమాని, దర్శకురాలు. 1928లో ఆ కంపెనీ 'విక్టోరియా-ఫాత్మా ఫిలింస్' అయింది. సొంత కంపెనీ నడుపుతూనే కోహినూర్, ఇంపీరియల్ స్టూడియోల్లో నటిగా పనిచేసింది. అక్కడ సంపాదించడం, ఇక్కడ తీయడం. ఆమె చిత్రాల జాబితాలో 'హీర్ రాంఝా' ఉంది, 'శకుంతల' ఉంది. పంజాబు కథ, కాళిదాసు కథ, పరీల కథ అన్నీ ఆమెకు తనవే అయ్యాయి.

ఇప్పుడు ఆ కంపెనీ పేరు దగ్గర కాసేపు ఆగాలి. మాకు అన్నిటికన్నా ఎక్కువ మాట్లాడుతున్నది ఆ పేరే.

ఆ కాలంలో రూబీ మయర్స్ అనే యూదు అమ్మాయి 'సులోచన' అయింది. రెనీ స్మిత్ 'సీతాదేవి' అయింది. ఇంకో ఇరవై ఏళ్లకు మావాళ్ల వంతు వచ్చింది. 1944లో యూసుఫ్ ఖాన్ 'దిలీప్ కుమార్'గా తెర మీదికి వచ్చాడు. మహజబీన్ 'మీనాకుమారి' అయింది. ముంతాజ్ జహాన్ 'మధుబాల' అయింది. వాళ్లను మేము తప్పుపట్టడం లేదు. బతకడానికి పేరు మార్చుకోవలసిన స్థితి ఏమిటో అద్దె ఇంటికోసం తిరిగిన ప్రతి ముస్లింకూ తెలుసు. పేరు చెప్పగానే ఇల్లు అప్పుడే వేరేవాళ్లకు ఇచ్చేశామనే జవాబు మేమూ విన్నాం.

ఫాత్మా బేగం పేరు మార్చుకోలేదు. అంతటితో ఆగలేదు, ఆ పేరునే కంపెనీకి పెట్టింది. దేవుడి పేరు, నగరం పేరు, కొడుకు పేరు పెట్టుకునే వీలున్న చోట తన పేరు పెట్టుకుంది. 1926లో ఒక ముస్లిం స్త్రీ పేరు వ్యాపారం పేరు కాగలిగింది. ఇరవై ఏళ్లలో ఆ వీలు ఎందుకు సన్నబడిపోయింది? ఈ ప్రశ్న సినిమా చరిత్రకారులు వేయవలసింది. దేశం మతం పేరిట చీలుతూ వస్తున్న ఏళ్లకూ, తెర మీద పేర్లు మారుతూ వచ్చిన ఏళ్లకూ సంబంధం లేదని మేము అనుకోం.

తెలుగు పాఠకులకు దగ్గరి ఉదాహరణ ఒకటుంది. 1955లో 'రోజులు మారాయి'లో ఏరువాక పాటకు ఆడిన అమ్మాయిని మనవాళ్లంతా గుండెకు హత్తుకున్నారు. ఆ పాటే ఆమెను గురుదత్ కంటబడేలా చేసింది. మరుసటేడు 'సి.ఐ.డి.' కోసం బొంబాయి వెళ్తే పేరు మార్చుకోమన్నారు. మా అమ్మానాన్నలు పెట్టిన పేరు, మార్చుకోనని ఆ చిన్నపిల్ల పట్టుబట్టింది. అందుకే వహీదా రెహమాన్ ఇవాళ కూడా వహీదా రెహమానే. ఆమెకు ముందు ఆ దారిన నడిచి వెళ్లిన పెద్దావిడ ఫాత్మా బేగం. వహీదా పట్టుదలను మెచ్చుకుంటూ రాసేవాళ్లు ఆ పెద్దావిడను కూడా తలుచుకోవాలి.

మరి చరిత్ర ఆమెను ఏమని రాసింది? 'జుబేదా తల్లి' అని రాసింది. 'సచిన్ నవాబు బేగం' అని రాసింది. అంటే ఒక కూతురికి తల్లిగా, ఒక మగవాడికి భార్యగా. దర్శకురాలు అన్న మాట మూడోదిగా, అదీ చోటు మిగిలితే వస్తుంది.

ఆ నవాబు సంగతి చూద్దాం. గుజరాత్‌లోని సచిన్ సంస్థానం నవాబుతో ఆమెకు పెళ్లయిందని చెప్పుకుంటారు. నికాహ్ జరిగినట్టు పత్రం లేదు. పిల్లల్ని తన పిల్లలని నవాబు ఒప్పుకున్నట్టు దాఖలా కూడా లేదు. ఒప్పుకోని మగవాడి బిరుదును మాత్రం ఆమె తలకు చుట్టి చరిత్ర నడిపించారు. ఆమె ముగ్గురు బిడ్డలకు అన్నం పెట్టింది నవాబు దర్బారు కాదు, ఆమె చేసిన పని. ఈ పనికి విలువ ఇవ్వని చరిత్ర నవాబు బేగం అనగానే కళ్లు పెద్దవి చేస్తుంది.

ఇక్కడ మావాళ్లను కూడా వదలడానికి వీల్లేదు. నవాబులు, జాగీర్దార్లు పాటకత్తెను మహఫిల్‌లో కూర్చోబెట్టుకున్నారు, ఇంటిపేరులో చోటివ్వలేదు. మన హైదరాబాదు కథ కూడా గుర్తుచేసుకోవాలి. 1920ల్లో ధీరేంద్రనాథ్ గంగూలీ హైదరాబాదు వచ్చి లోటస్ ఫిలిం కంపెనీ పెట్టి నిజాం ఆదరణతో మూకీలు తీశాడు. 1924లో 'రజియా బేగం' అనే చిత్రం ప్రదర్శించాడు. ఢిల్లీ గద్దెనెక్కిన ముస్లిం స్త్రీ, ఆమె ప్రేమ. ప్రభువుకు కోపం వచ్చింది. గంగూలీ హైదరాబాదు వదిలి వెళ్లవలసి వచ్చింది, ఇక్కడ సినిమా తీయడం ఆగిపోయింది. ఏలిక ముస్లిం అయినంత మాత్రాన ముస్లిం స్త్రీ బొమ్మకు రక్షణ దొరకలేదు. సరిగ్గా రెండేళ్లకు బొంబాయిలో ఒక ముస్లిం స్త్రీ తన బొమ్మను తానే తీసుకుంది. ఈ రెండు సంగతులనూ పక్కపక్కన పెట్టి చదవమని మా పెద్దలను అడుగుతున్నాం.

ఇక ఆమె పని దగ్గరికి వద్దాం. 'మొదటి స్త్రీ' అని బిరుదిచ్చి దండం పెట్టి వెళ్లిపోవడం కూడా ఒక రకంగా మర్చిపోవడమే. ఏం తీసింది అని అడగడం విమర్శకుల బాధ్యత.

'బుల్‌బులె పరిస్తాన్' ప్రింటు ఇవాళ లేదు. పరీల లోకపు కథ అని, పెద్ద ఖర్చుతో, ట్రిక్ ఫోటోగ్రఫీతో తీసిందని తెలుసు. సినిమా చరిత్రల్లో ఇలాంటి చిత్రాలకు ఒక గూడు కట్టి ఉంచారు: మాయలు, మంత్రాలు, కాలక్షేపం. సంఘ సంస్కరణ సినిమాలకు పెద్దపీట, పురాణానికి నడిపీట, పరీల కథకు చాప. ఈ కొలతబద్ద ఎవరిది?

పరిస్తాన్ ఊరికే పుట్టిన లోకం కాదు. దాని వెనక దాస్తాన్‌లు ఉన్నాయి, మస్నవీలు ఉన్నాయి, పార్సీ నాటకం ఉంది. 1850ల్లో లక్నోలో అమానత్ రాసిన 'ఇందర్ సభ' చూడండి. సబ్జ్ పరీ ఒక మానవుణ్ణి, గుల్ఫామ్‌ను, తానే కోరుకుంటుంది. తానే ఇంద్ర సభకు తీసుకువస్తుంది. ఇంద్రుడు ఆమె రెక్కలు కత్తిరించి వెళ్లగొడతాడు. ఆమె జోగినిగా తిరిగి, పాడి, ఆ పాటతోనే సభను గెలిచి తన మనిషిని వెనక్కి తెచ్చుకుంటుంది. ఇంద్రుడు హిందువుల దేవుడు, పరీ పారసీక కల్పన, నాటకం ఉర్దూలో. ఇందులో కోరుకునేదీ, శిక్ష పడేదీ, గెలిచేదీ స్త్రీ. నాటకశాలల్లో పాడి బతికిన ఆడవాళ్లకు ఇది కాలక్షేపం కథ ఎలా అవుతుంది? రెక్కలు కత్తిరించిన పరీ పాటతో బతకడం వాళ్ల రోజువారీ జీవితం. ఆ నాటకాల నేల మీద నుంచి వచ్చిన స్త్రీ, మొదటి సినిమాకు పరిస్తాన్‌ను ఎంచుకోవడంలో మాకు ఆశ్చర్యం లేదు. ఆడవాళ్లు ఎగరగలిగిన చోటు ఆమెకు తెలిసిన కథల్లో అదొక్కటే.

తెలుగువాళ్లకు ఈ లోకం కొత్తది కాదు. 'గులేబకావళి కథ' 1962లో ఎన్.టి. రామారావు దర్శకత్వంలో వచ్చింది. దాన్ని మనవాళ్లు ఎక్కువగా సినారె సినీరంగ ప్రవేశంగా గుర్తుపెట్టుకున్నారు. ఆ కథ ఎక్కడి నుంచి వచ్చింది? 1722లో ఇజ్జతుల్లా బెంగాలీ పారసీలో రాశాడు. ఫోర్ట్ విలియం కాలేజీలో నిహాల్ చంద్ లాహోరీ దాన్ని ఉర్దూ చేశాడు. దయాశంకర్ నసీమ్ మస్నవీగా రాశాడు. ఒక ముస్లిం రాశాడు, ఇద్దరు హిందువులు ఉర్దూలోకి తెచ్చి ఇంటింటికీ చేర్చారు. తెలుగులోకి వచ్చేసరికి దానికి 'జానపదం' అని పేరు పెట్టాం. మంచిదే, జనం కథే. కానీ ఆ జనంలో మేమూ ఉన్నామన్న సంగతి ఆ పేరు కింద పడి కనిపించకుండా పోయింది. ఎగిరే తివాచీ మీదికి, అద్భుత దీపం మీదికి మనసుపడిన తెలుగు సినిమా, ఆ తివాచీ నేసిన వాళ్లను మాత్రం పక్కింటి రహీం వేషానికో, బాంబు పెట్టే వేషానికో పరిమితం చేసింది. ఫాత్మాను మర్చిపోవడానికీ, ఈ కథల పుట్టుకను మర్చిపోవడానికీ మూలం ఒక్కటే.

ఇంకో పోలిక చెప్పాలి. అదే 1926లో జర్మనీలో లొట్టె రైనిగర్ అనే యువతి కత్తెరతో నల్ల కాగితాలు కత్తిరించి, నీడబొమ్మలను ఒక్కొక్క ఫ్రేము కదిలించి 'ప్రిన్స్ అహ్మద్ సాహసాలు' అనే చిత్రం తీసింది. అరేబియన్ నైట్స్ కథ. ఎగిరే గుర్రం, అల్లాఉద్దీన్, పరీ బాను. మిగిలి ఉన్న పూర్తి నిడివి యానిమేషన్ చిత్రాల్లో అదే అతి పాతది. దాని నెగటివ్ యుద్ధంలో పోయింది. అయినా దొరికిన ప్రింటు నుంచి రంగులతో సహా మళ్లీ నిలబెట్టారు. ఒకే ఏడు, ఒకే పరీల లోకం, ఇద్దరు స్త్రీలు. ఒకామె సినిమా ఇవాళ మనం కూర్చుని చూడవచ్చు. ఆ లోకం ఎవరి నానీ చెప్పిన కథో ఆమె తీసిన సినిమాకు మాత్రం పేరు మిగిలింది.

మూకీలు పోవడానికి కారణాలు మాకు తెలియక కాదు. ఆనాటి నైట్రేట్ ఫిలిం అంటుకుంటే ఆరదు, ఉక్కకు కుళ్లి పొడి అవుతుంది. ఆడడం అయిపోయిన రీళ్లను అందులోని వెండికోసం కరిగించి అమ్ముకున్నారు. ఈ దేశంలో పదమూడు వందలకు పైగా మూకీలు తీస్తే పిడికెడు మిగిలాయి. పూనాలో జాతీయ ఫిలిం ఆర్కైవ్ పెట్టింది 1964లో. అప్పటికే కాలిపోవలసినవి కాలిపోయాయి. 'ఆలం ఆరా' కూడా మిగల్లేదు. అంటే తల్లి తీసిన సినిమా లేదు, కూతురు నటించిన టాకీ లేదు. కానీ ఒక తేడా ఉంది. ఆలం ఆరా పోయినా దాని తేదీ, హాలు పేరు, పాటల లెక్క మనకు కంఠతా వచ్చు. దాన్ని జ్ఞాపకం పెట్టుకోవాలని అందరూ అనుకున్నారు కాబట్టి. ఫిలిం కాలిపోవడం వేరు, జ్ఞాపకం పెట్టుకోకపోవడం వేరు. మొదటిదానికి నైట్రేట్‌ను తిట్టుకోవచ్చు. రెండోదానికి మనల్ని మనమే తిట్టుకోవాలి.

ఫాత్మా బేగం 1930ల చివర తెర వదిలింది. 1983 దాకా బతికింది. మన భానుమతి 1953లో 'చండీరాణి'కి దర్శకత్వం వహించి, 'నాలో నేను' అని తన కథ తానే రాసుకుంది. ఆ పుస్తకం ఉండబట్టే ఆమె గొంతు, ఆమె పొగరు, ఆమె నవ్వు మనకు మిగిలాయి. ఫాత్మా గొంతు మనకు అలాంటి పుస్తకంగా లేదు. ఆమె చిన్న కూతురి వయసు మనుషులు ముసలివాళ్లయ్యేదాకా ఆమె ఉంది. ఆ తలుపు తట్టడానికి నలభై ఏళ్ల వ్యవధి ఉండింది.

మా సెక్యులర్ మిత్రులు ఒక మాట అంటారని మాకు తెలుసు. కళాకారిణికి మతం ఏమిటి, ఆమెను స్త్రీగా చూడండి, భారతీయురాలిగా చూడండి అంటారు. మిత్రులారా, మీ మాటలో మంచి ఉంది. 'శకుంతల' తీసిన మనిషిని మతం పెట్టెలో బిగించాలని మాకూ లేదు. కానీ ముస్లిం స్త్రీ అనగానే మీ కథల్లో, మీ పత్రికల్లో కనిపించేది ఏమిటి? తలాక్, బురఖా, గంపెడు పిల్లలు, కన్నీళ్లు. అప్పుడు మతం గుర్తుకు వస్తుంది. కంపెనీ పెట్టిన స్త్రీ, కెమెరా వెనక నిలబడిన స్త్రీ ఎదురుపడగానే మతం అవసరం లేదంటే ఎలా? బాధలో ముస్లింగా లెక్కపెట్టినవాళ్లు పనిలో కూడా ముస్లింగా లెక్కపెట్టాలి.

మా ఇంటివాళ్లూ ఒక మాట అంటారు. నాటకాల మనిషిని, నికాహ్ పత్రం లేని మనిషిని తెచ్చి మా ఆడపిల్లల ముందు ఆదర్శం అని పెడతారా అంటారు. అబ్బాజాన్‌లకు, భాయీలకు మా జవాబు ఒక్కటే. పత్రం లేకపోవడం ఆమె తప్పని మీరెలా తేల్చారు? ముగ్గురు ఆడపిల్లల్ని ఒంటిచేత్తో పెంచి, వాళ్ల చేతికి పని ఇచ్చి, ఎవరి ముందూ చేయి చాపకుండా నిలబెట్టిన తల్లిని మన వీధిలో చూస్తే మీరే సలాం చేస్తారు. ఆమె పని సినిమా కావడం ఒక్కటే మీకు అడ్డు. ఆ జుబేదాయే తర్వాత హైదరాబాదు ధన్‌రాజ్‌గిర్‌ల ఇంటి కోడలైంది. ఫాత్మా కథ మన ఊరి దాకా నడిచి వచ్చింది. మనమే గుర్తుపట్టలేదు.

మేము అడుగుతున్నది గుడి కట్టమని కాదు. సినిమా చరిత్ర రాసేవాళ్లు 'ఆలం ఆరా' దగ్గర ఆగినప్పుడు ఒక్క వాక్యం ఎక్కువ రాయండి. స్త్రీ దర్శకుల వరుస చెప్పేటప్పుడు 1936లో 'మిస్ కమల' తీసిన టి.పి. రాజలక్ష్మికీ, భానుమతికీ ముందు ఇంకో పేరు చేర్చండి. పాత పత్రికలు, పాత పోస్టర్లు, ఉర్దూ సినిమా ప్రకటనలు చదవగలిగిన పిల్లలు మా ఇళ్లలో ఇంకా ఉన్నారు. అందులో ఆడపిల్లలు కూడా ఉన్నారు. ఉర్దూ లిపి రాని చరిత్రకారులకు దొరకనిది వాళ్లకు దొరుకుతుంది. వాళ్లను ఆ పనికి పంపండి, ఖర్చుకు నాలుగు డబ్బులు ఇవ్వండి.

మొన్న మాలో ఒకరి ఇంట్లో తొమ్మిదో క్లాసు చదివే పాపకు ఈ కథ చెప్పాం. అంతా విని ఒక్కటే అడిగింది: "ఆ కంపెనీ బోర్డు మీద ఆమె పేరు ఉర్దూలో రాశారా, ఇంగ్లీషులోనా?" మాకు జవాబు లేదు. వెతుకుతామని చెప్పాం. ఆ పాప నోటుబుక్కు వెనక అట్ట మీద 'ఫాత్మా ఫిలింస్' అని మూడు లిపుల్లో రాసి పెట్టుకుంది. ఉర్దూలో, తెలుగులో, ఇంగ్లీషులో.